తడిగుడ్డ వెనక అక్షరాలు

మా రబ్బరు తోటలో సినిమా వేసినప్పుడు ఆడవాళ్ళం గుడ్డ వెనక కూర్చునేవాళ్ళం. మారెమ్మ గుడి పక్కనున్న ఖాళీ స్థలంలో రెండు వాసాలు పాతి, వాటి మధ్య పెద్ద తెల్లగుడ్డ బిగించి కట్టేవారు. బొమ్మ వేసే మిషను ముందువైపు ఉండేది. మగవాళ్ళూ ముందువైపే. చీకట్లో ఆడా మగా కలిసి కూర్చోకూడదని మా తెలుగు కూలీలు ఉండే లైన్ల కంగాణి, అంటే మేస్త్రీ, మొదటిసారే గట్టిగా చెప్పాడట. గుడ్డ పొడిగా ఉంటే వెనక్కి బొమ్మ సరిగా రాదు. అందుకని రెండు బకెట్ల నీళ్ళు పక్కన పెట్టుకుని, కొబ్బరి చిప్పతో ముంచి గుడ్డమీద చల్లుతూ ఉండేవాళ్ళం. తడిసినచోట వెలుతురు ఇవతలికి దిగి బొమ్మ తేటగా కనిపించేది.

వెనకనుంచి చూస్తే అంతా తిరగబడి ఉంటుంది. రాజు ఎడమచేత్తో కత్తి దూసేవాడు. రాణి ఎడమచేత్తో అన్నం వడ్డించేది. సినిమా రాజులందరికీ ఎడమచేతి వాటమేనని మా అమ్మ అచ్చమ్మ చాలా ఏళ్ళు నమ్మింది. "అలగున్నోళ్ళనే ఏరి తెస్తారు కాబోలు" అనేది.

అప్పటి బొమ్మలకు మాటలు లేవు. మనుషులు పెదవులు ఆడించాక బొమ్మ పోయి అక్షరాలు వచ్చేవి. పైన ఇంగ్లీషు, కింద అరవం. ముందువైపు ఎవరో చదివేవారేమో గాని, డోలు మోతలోనూ మగవాళ్ళ కేకల్లోనూ మాకు ఏమీ వినపడేది కాదు. మా ఆడవాళ్ళకు అరవం మాట్లాడితే అర్థమవుతుంది. ఇన్నేళ్ళుగా అరవవాళ్ళ లైన్ల పక్కనే ఉన్నాం మరి. చదవడం మాత్రం ఒక్కరికీ రాదు. నేను తోటబడిలో నాలుగో తరగతిదాకా అరవం చదివాను. తెలుగు అక్షరాలు నాన్న బతికుండగా ఇంట్లో నేర్పాడు. అందుకని గుడ్డ వెనక చదివి చెప్పే పని నాదైంది.

తిరగబడిన అక్షరాలు చదవడానికి మొదట్లో తల తిరిగేది. తరవాత ఎంత అలవాటైపోయిందంటే బడిలో పలకమీద కూడా ఒకసారి తిరగేసి రాసి దెబ్బలు తిన్నాను. పదిమందిలో నోరు విప్పాలంటే నాకు చెమటలు పడతాయి. గుడ్డ వెనక మాత్రం చీకటి. ఎవరూ నా మొహం చూడరు. అక్కడ గట్టిగానే చెప్పేదాన్ని.

మా పెద్దవాళ్ళ ఊళ్ళలో సోది చెప్పే ఆడవాళ్ళు బుట్ట పట్టుకుని వచ్చేవారట. సముద్రం దాటి ఈ మలయాకు వాళ్ళెవరూ రాలేదు. ఒకసారి మా పక్క గది ఎర్రమ్మ, తప్పిపోయిన తన మేకను తలుచుకుంటూ గుడ్డమీద నీళ్ళు చల్లింది. వెంటనే వచ్చిన అక్షరాలు నేను చదివాను. ఎవరో సేనాపతి, "తూర్పు దిక్కున వెతకండి" అన్నాడు. మర్నాడు మేక తూర్పు కాలవ అవతల దొరికింది. అంతే. అప్పటినుంచి అక్షరం అడగడం మా లైన్లలో ఆచారమైపోయింది. మనసులో ఒక మాట అనుకుని చిప్పెడు నీళ్ళు చల్లాలి. ఆ తరవాత వచ్చిన అక్షరాలే అమ్మోరి జవాబు. ఒకసారి అడిగిన మాట మళ్ళీ అడగకూడదు, అమ్మోరికి కోపమొస్తుంది.

నా చేతిలో ఏమీ లేదనుకునేదాన్ని. వచ్చింది చదువుతున్నాను, అంతే కదా.

మా అమ్మ చెల్లెలు పోలమ్మ మాతోనే ఉండేది. అమ్మా, చిన్నమ్మా, నేనూ ఒకే గది. చిన్నమ్మ భర్త అప్పడు, వాళ్ళమ్మకు బాగాలేదని చూసొస్తానని ఓడెక్కి వెళ్ళాడు. వెళ్ళి మూడేళ్ళైనా ఉత్తరం లేదు, కబురు లేదు. అప్పుడు వచ్చిందొక బొమ్మ. అందులో ఒక వర్తకుడు ఓడమీద వెళతాడు. పెళ్ళాం రేవులో నిలబడుతుంది.

ఆ రోజు నేను నాలుగింటికే లేచాను. చెట్లు గీయడం, పాలు పోగుచెయ్యడం, కావిడిమీద స్టోరుదాకా మొయ్యడం, మధ్యాహ్నం గడ్డి తీత. సాయంత్రానికి నా భుజాలు నావి కావనిపించాయి. ఓడ కదులుతుండగా చిన్నమ్మ లేచి నీళ్ళు చల్లింది. చల్లేటప్పుడు ఆమె గాజులు గలగలమన్నాయి. నాకు గుర్తున్నది అంతవరకే. మోకాళ్ళమీద తల వాలిపోయింది.

తొడమీద గిల్లితే మెలకువ వచ్చింది.

"ఏటన్నాడే?" చిన్నమ్మ అడుగుతోంది. "మరిడీ, ఏటన్నాడు?"

అక్షరాలు వచ్చి పోయాయి. గుడ్డమీద ఓడ చిన్నదైపోతోంది. పాతికమంది ఆడవాళ్ళు నా జవాబు కోసం చూస్తున్నారు. నిద్రపోయానని చెప్పడానికి సిగ్గేసింది.

"వస్తానన్నాడు" అన్నాను.

అందరూ ఒక్కసారి "అమ్మోరు తల్లీ" అన్నారు. చిన్నమ్మ కూర్చుని కొంగుతో మొహం తుడుచుకుంది. ఆఖరి రీలు వేసేలోపల వాన వచ్చి బొమ్మ ఆపేశారు. ఆ వర్తకుడు తిరిగొచ్చాడో లేదో ఎవరికీ తెలియలేదు.

తరవాత నెలలోనే పైడిరాజు మా అమ్మ దగ్గరికి వచ్చాడు. రబ్బరు షీట్లకు పొగపెట్టి ఆరబెట్టే కొట్టంలో పని అతనిది. ఎప్పుడూ పొగవాసనే. పెళ్ళాం పోయి చాలాకాలమైంది. చిన్నమ్మను మారుమనువు చేసుకుంటానని అడిగాడు. మావాళ్ళలో అది తప్పేమీ కాదు. మూడేళ్ళు కబురు లేని మొగుడి కోసం ఆగమని ఏ పెద్దమనిషీ అనడు. అమ్మకు ఇష్టమే. చిన్నమ్మకూ ఇష్టం లేకపోలేదని నాకు తెలుసు. అతను వచ్చినప్పుడు పొయ్యి దగ్గరనుంచి లేచేది కాదు గాని, మాట మాత్రం వినేది. కాని, "వస్తానన్నాడు, అమ్మోరు సెప్పినాది. నాను ఎలగ ఒప్పుకుంటాను?" అనేసింది.

అలా రెండేళ్ళు గడిచాయి. నేను నోరు విప్పలేదు. మొదట సిగ్గు, తరవాత భయం. ఆ తరవాత ఇంకొకటి కూడా కలిసింది. చిన్నమ్మ మనువు చేసుకుంటే వేరే గదికి పోతుంది. నా కావిడి బరువెక్కితే ఒక బకెట్టు తీసుకుని తనది కాని పని మోసేది ఆమె. జ్వరమొస్తే రాత్రంతా కూర్చునేది ఆమె. అమ్మ అలసిపోయి గోడవైపు తిరిగి పడుకునేది.

పంతొమ్మిదివందల ముప్ఫైరెండు వచ్చేసరికి రబ్బరుకు ధర లేకుండా పోయింది. దొర సగం చెట్లు గీయడం ఆపించాడు. పని లేనివాళ్ళను సర్కారు ఖర్చుమీద మద్రాసు ఓడ ఎక్కించి పంపేస్తున్నారు. పొగకొట్టంలో ఆరుగురిని తీసేశారు. జాబితాలో పైడిరాజు పేరుంది. మరుసటి గురువారం లారీ వచ్చి స్వెట్టెన్‌హామ్ రేవుకు తీసుకుపోతుంది.

శనివారం మధ్యాహ్నం అతను మా గడప దగ్గరకు వచ్చి నిలబడ్డాడు.

"అచ్చమ్మప్పా, నాను ఎల్లిపోతన్నాను" అన్నాడు.

"విన్నాను బావూ" అంది అమ్మ.

"మనువైన ఆడదుంటే పేరు కలిపి రాస్తారంట. ఆఫీసులో రాసే కిరానీని అడిగినాను. సోమారం దాకా రాస్తాడంట." అమ్మతో మాట్లాడుతున్నా చూపు లోపలికే ఉంది. "నాను మళ్ళీ అడగను. ఇంక అడగడానికి ఇక్కడుండను గదా."

చిన్నమ్మ పొయ్యిలో కట్టె సర్దుతూ, "రేపు బొమ్మ ఉన్నాది. గుడ్డని అడిగి సెప్తాను" అంది.

పైడిరాజు నవ్వాడు. ఓపిక లేని నవ్వు. "అడుగు. ఆ గుడ్డకి నా మీద ఏటి పగో!"

అతను వెళ్ళాక చిన్నమ్మ నన్ను పిలిచింది. "మరిడీ, అప్పడి మాట మళ్ళీ అడగను. పైడిరాజుతో పోనా అని అడుగుతాను. అది వేరే మాట గదా?"

"వేరే మాటే సిన్నమ్మా."

"బాగా సూసి సదువు, గుంటా. ఇది పోతే మరి నేదు."

రేపు ఏ అక్షరాలు వచ్చినా "ఉండిపో" అని చదివెయ్యవచ్చు. ఎవరికీ తెలియదు. ఓడెక్కితే ఆమె ఇంక ఎప్పటికీ కనిపించదు. "పో" అని చదివితే మాత్రం రెండేళ్ళ కిందటి తప్పు సరిపోతుంది. రెండూ అబద్ధాలే. ఏ అబద్ధం ఆడాలా అని ఆదివారం చెట్లన్నీ తిరుగుతూ ఆలోచించాను. నిజంగా ఏమొస్తే అది చదువుదామని మాత్రం ఎందుకో అనిపించలేదు.

ఆదివారం పొద్దువాలకముందే పాట్రిక్ లారీ వచ్చింది. పాట్రిక్ మిషను తిప్పేవాడు, క్లాంగ్ నుంచి వస్తాడు. వాళ్ళ తాతది మా తెలుగుదేశమేనట. తెలుగు మాట్లాడతాడు గాని సగం అరవమే, మాట చివర మలాయివాళ్ళ "లా" ఒకటి. ఈసారి లారీలో కొత్త సామాను ఉంది. డైనమో అట, వైర్లట, మనిషంత చెక్కపెట్టె ఒకటి. ఖాళీ స్థలంలో వాసాలు పాతలేదు. స్టోరు చూరు అంచుకు గుడ్డ కట్టాడు. చెక్కపెట్టె ఆ గుడ్డకూ గోడకూ మధ్య పెట్టాడు.

మేము బకెట్లు పట్టుకుని వెళ్ళి నిలబడ్డాం. వెనక కూర్చునే చోటు లేదు.

"ఏటిది పాట్రిక్కు?" ఎర్రమ్మ అడిగింది. "మమ్మల్ని గోడలో కూకోమంటావా?"

"ముందుకు రండమ్మా. ఇది పేసుం పడం. మాటాడే బొమ్మ లా! మాటలన్నీ ఆ పెట్టెలోంచి వస్తాయి."

"నీళ్ళెక్కడ జల్లాల?"

పాట్రిక్ రెండు చేతులూ అడ్డంపెట్టాడు. "అయ్యో, నీళ్ళు వద్దు! ఒక్క చుక్క పడినా పెట్టె పోతుంది. ఆ బకెట్లు అక్కడ పెట్టండి, దూరంగా."

చిన్నమ్మ చేతిలో కొబ్బరి చిప్ప ఉంది. దాన్ని ఏం చెయ్యాలో తెలియక కొంగులో చుట్టి పెట్టుకుంది.

కంగాణి కాసేపు గొడవపడి, చివరికి మధ్యలో తాడు కట్టించి ఆడవాళ్ళను ఎడమవైపు కూర్చోబెట్టాడు. జీవితంలో మొదటిసారి గుడ్డను ముందునుంచి చూశాం. చీకటి పడుతుండగా డైనమో మొదలైంది. గుడ్డమీద రాజు వచ్చాడు. కత్తి కుడిచేత్తో దూశాడు.

"ఓలమ్మో" అంది అమ్మ, "ఈడికి కుడిసెయ్యే!"

అప్పుడు రాజు మాట్లాడాడు. తెలుగులో మాట్లాడాడు. మా తెలుగు లైన్లవాళ్ళంతా ఒక్కసారి కేకవేశారు. రాణి జవాబు చెప్పింది. అరవంలో చెప్పింది. ఇటు రాజు తెలుగులో అడగడం, అటు రాణి అరవంలో చెప్పడం, ఒకరి మాట ఒకరికి బాగానే అర్థమైనట్టు తలలూపడం. అరవవాళ్ళ లైన్లవాళ్ళూ మావాళ్ళూ కలిసి విరగబడి నవ్వారు.

"మా యింటాయన తగువు లాగే ఉన్నాది" అంది ఎర్రమ్మ. "ఆయనొకటి అంటాడు, నానొకటి అంటాను. కూడు మాత్రం తినీస్తాడు."

నాకు నవ్వు రాలేదు. చిన్నమ్మ నా పక్కనే కూర్చుంది. పావుగంట చూసింది.

"అచ్చరాలెప్పుడొస్తాయే?"

"రావు సిన్నమ్మా. మాటాడుతున్నారు గదా. ఇంక అచ్చరాలుండవు."

"అసలుండవా?"

"ఉండవు."

ఆమె గుడ్డవైపు చూసింది. "అయితే ఆళ్ళు ఆడిన మాటే మాట" అంది. "ఇప్పుడు అనుకుంటాను. ఇంక మొదట ఎవలు ఏటంటే అదే అమ్మోరి మాట. నానూ ఇంటాను, నివ్వూ ఇను." చిప్ప తీసి ఒళ్ళో పెట్టుకుంది. నీళ్ళు లేవు. కళ్ళు మూసుకుని అనుకుంది.

అదే సమయానికి రాణి పాట అందుకుంది.

అలాంటి పాట నేను ఎప్పుడూ వినలేదు. ముగుస్తుందనుకుంటే మళ్ళీ మొదటికి వచ్చేది. రాణి చెట్టు పట్టుకుని పాడింది, చెట్టు వదిలి పాడింది. ఆ తరవాత రాజు అదే పాట అందుకున్నాడు. చిన్నమ్మ కళ్ళు తెరవకుండా కూర్చుంది. కళ్ళకింద నల్లగా ఉంది.  పాట ముగిశాక ఎవరో ఒకరు ఏదో ఒకటి అంటారు. "ఎవరక్కడ" అంటారో, "రథం సిద్ధం చెయ్యండి" అంటారో. దాన్ని పట్టుకుని ఈ మనిషి మిగిలిన బతుకంతా నడుస్తుంది. నేను చెప్పిన అబద్ధం పట్టుకుని రెండేళ్ళు నడిచినట్టే.

"సిన్నమ్మా" అన్నాను. "ఆ రోజు నాను నిద్దరోయినాను."

"ఏటి?"

"ఓడ బొమ్మ రోజు. వస్తానన్నాడని సెప్పినాను గదా. నాను సదవలేదు."

ఆమె కళ్ళు తెరిచింది. ముందు వరసలోనుంచి ఎవరో "ఉష్" అన్నారు. ఎర్రమ్మ నా మోకాలుమీద కొట్టి, "మాటాడకే. ఇప్పుడు గుడ్డే మాటాడతాది, మనం నోరు ముయ్యాల" అంది.

చిన్నమ్మ నా చెవి దగ్గరకు వంగింది. "మొత్తం నిద్దరోయినావా, అచ్చరాలప్పుడేనా?"

"అచ్చరాలప్పుడే. నివ్వు గిల్లేసరికి పోనాయి."

"మరి ఎర్రమ్మకి సెప్పిందీ, మిగిలినోళ్ళకి సెప్పిందీ?"

"అన్నీ సదివే సెప్పినాను. నీదొక్కటే."

"నాదొక్కటే" అంది.

కొడుతుందనుకున్నాను. కొడితే బాగుండుననుకున్నాను. ఆమె చిప్ప పట్టుకుని లేచి నిలబడింది. వెనకవాళ్ళు "కూకో, కూకో" అని అరిచారు. నా జబ్బ పట్టుకుని తాడు దాటించి మగవాళ్ళ మధ్యలోంచి మిషను దగ్గరకు లాక్కుపోయింది. ఇంతమంది మగవాళ్ళ మధ్యన నేను ఎప్పుడూ నడవలేదు. నేల తప్ప ఏమీ చూడలేదు. పాట ముగిశాక గుడ్డమీద ఎవరేమన్నారో మేమిద్దరం వినలేదు.

రీలు మార్చడానికి పాట్రిక్ మిషను ఆపాడు. లాంతరు వెలుతురులో మమ్మల్ని చూసి ఆశ్చర్యపోయాడు.

"ఏమమ్మా? ఆడవాళ్ళు ఇటు రాకూడదు."

"రెండేళ్ళ కిందట ఒక ఓడ బొమ్మ తెచ్చినావు" అంది చిన్నమ్మ. "వర్తకుడు ఓడెక్కుతాడు. పెళ్ళాం రేవులో ఉంటాది. ఓడ కదిలినాక అచ్చరాలొస్తాయి. ఏటి రాసుంది అందులో?"

పాట్రిక్ కొత్త రీలు బిగిస్తూనే, "ఎవరికి తెలుసు!" అన్నాడు. "నేను వెలుతురు చూస్తా, పిడి తిప్పుతా. వంద సార్లు వేసినా కథ తెలీదమ్మా నాకు."

"ఆ బొమ్మ మళ్ళీ తే. సూస్తాను."

"మూగ బొమ్మలా? అదెల్లాం పోచ్చమ్మా, అవన్నీ పోయాయి. మాటల బొమ్మ వచ్చాక ఎవరు చూస్తారు? కౌలాలంపూర్‌లో మా ఓనరు అన్నీ తూకానికి అమ్మేసినాడు. రీలు కడిగితే వెండి వస్తుంది లా. కడిగేసి ఉంటారు."

"కడిగితే అచ్చరాలు?"

"కడిగితే ఇంకేముంటుంది?" నుదుటి చెమట తుడుచుకుని అతను చిన్నమ్మ మొహం చూశాడు. కొంచెం మెత్తబడ్డాడు. "ఎందుకమ్మా, ఏమైనా ముఖ్యమా?"

 మిషను మళ్ళీ తిరగడం మొదలైంది. మేమిద్దరం లారీ పక్కన నిలబడ్డాం. డైనమో మోతకు కాళ్ళకింద నేల అదురుతోంది. నేను ఏడుస్తున్నాను గాని ఆమె చూడలేదు. 

మగవాళ్ళ చివరి వరసలో పైడిరాజు గొంతుకూర్చుని ఉన్నాడు. అతనూ బొమ్మ చూడటం లేదు. చిన్నమ్మ వెళ్ళి అతని ముందు నిలబడింది. నా జబ్బ ఇంకా వదల్లేదు.

"పేరు రాయించు" అంది.

అతను తలెత్తాడు. "అచ్చరం వచ్చినాదేటి?"

"రానేదు. ఇంకెప్పుడూ రావంట."

"మరి?"

"కాళ్ళు నొప్పులెడతన్నాయి, పైడిరాజూ. నాను ఇంక నిలబడనేను. రాయించు."

అతను లేచాడు. తలపాగా విప్పి దులిపి నేలమీద పరిచాడు. "కూకో అయితే" అన్నాడు. చిన్నమ్మ అక్కడే, మగవాళ్ళ వెనక, అందరూ చూస్తుండగా కూర్చుంది. తాడు అవతలనుంచి కంగాణి ఏదో అరిచాడు. ఎవరూ పట్టించుకోలేదు.

సోమవారం కిరానీ పేరు కలిపి రాశాడు. పోలమ్మ, పైడిరాజు పెళ్ళాం. అమ్మకు ఆ సాయంత్రం తెలిసింది, నేను నిద్రపోయిన సంగతీ, చెప్పేసిన సంగతీ. అమ్మ బియ్యం ఏరుతోంది. చేట కింద పెట్టింది.

"రెండేళ్ళు మూసుకున్న నోరు ఇంక నాలుగు రోజులు ముయ్యనేకపోనావా?" అంది. "నాకు ఇది ఒక్కర్తే సెల్లెలు."

అమ్మ అన్నదాంట్లో తప్పులేదు. మళ్ళీ చేట తీసుకుంది. ఆ రోజు అన్నంలో అన్నీ రాళ్ళే.

చిన్నమ్మ మూడు రోజులు నాతో మాట్లాడలేదు. పని మామూలుగానే చేసింది.  బుధవారం సాయంత్రం లైను పెద్దల ముందు మనువైంది. పైడిరాజు కొత్త చీర పెట్టాడు, నల్లపూసలు కట్టాడు. అందరికీ చక్కెర పంచారు. ఎర్రమ్మ ఊరుకోలేదు.

"ఓలప్పా, ఊర్లో దిగేసరికి అప్పడు ఎదురొస్తే ఏటి సేస్తావు?"

అందరూ నవ్వుతూనే చిన్నమ్మవైపు చూశారు.

"కూడు తిన్నావా అని అడుగుతాను" అంది చిన్నమ్మ. "ఐదేళ్ళైనాది గదా."

"తిన్నేదంటే?"

"తినీసి రమ్మంటాను."

పైడిరాజు కూడా నవ్వాడు. చిన్నమ్మ నవ్వలేదు. చక్కెర అరచేతిలోనే ఉంచుకుంది.

గురువారం పొద్దున్నే లారీ వచ్చింది. పదకొండుమంది ఎక్కారు. మూటలు, చాపలు, ఒకరి కోడిపెట్ట. అమ్మ చిన్నమ్మను పట్టుకుని ఏడ్చింది. నేను దూరంగా నిలబడ్డాను. దగ్గరకు వెళ్ళే మొహం లేదు. చిన్నమ్మ లారీ ఎక్కి చివర కూర్చున్నాక నన్ను చేత్తో పిలిచింది. వెళ్ళాను.

"నిద్దరొస్తే నిద్దరొచ్చినాదని సెప్పీయే" అంది. "ఎవలూ తినీరు నిన్ను. తెల్లారకుండా లెగిసిన గుంటకి నిద్దర రాదేటి?"

"కోపం పోనాదా సిన్నమ్మా?"

ఆలోచించింది. ఏదో ఒకటి చెప్పేసి నన్ను సంతోషపెట్టే మనిషి కాదు.

"పోనేదు" అంది. "ఓడలో పోతాదేమో సూడాల."

లారీ కదిలింది. ఆమె చెయ్యి ఊపలేదు. మూట జారిపోకుండా రెండు చేతులతో పట్టుకుని ఉంది.

మర్నాడు పెరట్టులో, అంటే తెల్లవారకముందు పేర్లు పిలిచి పని పంచేచోట, కంగాణి చిన్నమ్మ గీసే చెట్లను రెండుగా విడగొట్టాడు. రోడ్డుపక్కవి అమ్మకు ఇచ్చాడు. వాలుమీదవి నాకు. వాలు చెట్లు కష్టం. కాలు జారుతుంది, లాంతరు కొమ్మకు తగిలించే చోటు ఉండదు.

చెట్టుమీద ఎవరి గాటు వాళ్ళదే. నిన్న ఎక్కడ ఆగిందో ఇవాళ దాని కిందనే సన్నగా గీయాలి. లోతుగా దిగితే చెట్టుకు గాయం, కంగాణి కూలి కోస్తాడు. చిన్నమ్మ గాట్లు ఒక్కటీ లోతుగా లేవు. వెంట్రుకవాసి కూడా తేడా లేకుండా ఒకే వాలులో దిగి ఉన్నాయి. మొదటి చెట్టు దగ్గర లాంతరు నేలమీద పెట్టి, ఆఖరి గాటు కింద కత్తి ఆనించాను. ముందురోజు నిద్ర లేదు. రెప్ప వాలింది. కత్తి మానులోకి దిగిపోయింది. పాలతోపాటు ఎర్రటి నీరు కూడా కారింది.

కంగాణి వచ్చేలోపల కాస్త మట్టి తడిపి ఆ గాయానికి పూశాను. రెండో చెట్టు దగ్గరకు నడిచాను.